పత్తికొండ టెంటులో హంగేరాయన

ఈ మధ్య ఏ సినిమానూ చివరిదాకా చూడటం నా వల్ల కావడం లేదు. సగానికొచ్చేసరికి కండ్లు మంట పుడతాయి, నడుము పట్టేస్తుంది, తెర మీద ఎవరికి ఎవరు ఏమవుతారో మరిచిపోతాను. పోయిన నెల మా మనవరాలు కర్నూలు ఇంటికి వచ్చి, ల్యాప్‌టాప్ తెచ్చి నా మంచం మీద పెట్టి, "అవ్వా, మీ మామ టెంటులో కథ చెప్పిన సినిమా ఇదేనేమో చూడు" అన్నప్పుడు కూడా ఓపిక లేదనే అన్నాను. ఆ పిల్ల వినలేదు. మా మామ పోయాక నా దగ్గరికి చేరిన పాత నాటకాల పుస్తకం ఒకటుంది. దాన్ని రాసినాయనది హంగేరీ దేశం. ఆ పేరు పట్టుకుని వెతికిందట. ఆయన నాటకాలను ఎన్నో దేశాల వాళ్ళు సినిమాలు తీశారనీ, ఒకే నాటకాన్ని తరం మారినప్పుడల్లా మళ్ళీ తీశారనీ, పాటలు పెట్టి ఒకరు, పాటలు తీసేసి ఒకరు తీశారనీ ఏకరువు పెట్టింది. నాకు వాటన్నిటితో పని లేదు. నాకు తెలిసింది నలుపు తెలుపులో ఉన్న ఒక్కటే. అందులో ఒక ఇల్లు, ఇంటి ముందు ఏతం వేసిన బావి, ఒక తలుపు ఉంటాయి. బొమ్మ మొదలై ఆ ఏతం కనపడగానే గుర్తుపట్టాను. నడుమునొప్పిని తిట్టుకుంటూ చివరిదాకా చూశాను. చూడకుండా ఉంటే బాగుండేదని ఆ తర్వాత చాలాసార్లు అనిపించింది.

ఆ రోజుల్లో నేను పత్తికొండలో మా అమ్మ పుట్టింట్లో ఉండి చదువుకునేదాన్ని. మా ఊళ్ళో ఐదో తరగతి దాటితే బడి లేదు. ఆ ఇంట్లో మా అవ్వ, మా మామ గిడ్డయ్య, మా చిన్నమ్మ ఈరమ్మ, నేను, అంతే. మామ హైస్కూల్లో ఇంగ్లీషు చెప్పేవాడు. చెల్లెలి బతుకు ఒక దారికి రానిదే తనకు పెండ్లేమిటని ఊరుకున్నాడు. చిన్నమ్మకు పెండ్లయి ఏడాది తిరగకముందే ఆమె మొగుడు మద్దిలేటి ఆమెను పుట్టింట్లో వదిలి, తుంగభద్ర డ్యాం పనికి పోతున్నానని చెప్పి హొస్పేట బస్సెక్కాడు. డ్యాం కట్టడం అయిపోయింది, కాలువల్లో నీళ్ళు కూడా పారుతున్నాయన్నారు, మనిషి మాత్రం తిరిగి రాలేదు. అక్కడ ఇంకెవరినో పెట్టుకున్నాడని ఒకరు, పిల్లలు కూడా పుట్టారని ఒకరు వార్తలు మోసుకొచ్చేవాళ్ళు. మా అవ్వ ఏదీ చెవిన వేసుకునేది కాదు. మొగవాడు ఎప్పటికైనా ఇల్లు చేరతాడని ఆమె నమ్మకం.

పొద్దుగూకే వేళకు ఆ ఇంట్లో తప్పనిసరి పని ఒకటుండేది. బయట నుంచి వచ్చే మగవాళ్ళు కాళ్ళు కడుక్కోవడానికి అరుగు మీద చెంబుతో నీళ్ళు పెట్టాలి. ఇంట్లో ఉన్న మగవాడు మామ ఒక్కడే. అయినా అవ్వ రెండు చెంబులు పెట్టించేది. ఇత్తడి చెంబు మామకు, పెండ్లిలో పెట్టిన కంచు చెంబు రాని అల్లునికి. "ఇంటల్లుడు వాకిట్లోకొచ్చి నీళ్ళ కోసరం చూసుకుంటా నిలబడితే మనకేం మర్యాదే?" అనేది. ఆ చెంబును చింతపండు పెట్టి తోమి, నీళ్ళు నింపి పెట్టాల్సింది చిన్నమ్మే. నీళ్ళంటే మాటలు కాదు. తెల్లారకముందే ఊరి బయటి బావికి పోయి చేదుకుని తలమీద పెట్టుకుని రావాలి. ఎండాకాలం వస్తే చేద అడుగున బురద తగిలేది. అట్లాంటి ఊళ్ళో ఆ చెంబెడు నీళ్ళు రాత్రంతా అరుగు మీద కూర్చుని, పొద్దున్నే కరివేపాకు చెట్టు పాలయ్యేవి. వీధిలో అందరి చెట్లూ ఎండినా మా చెట్టు ఎండేది కాదు. ఆ నీళ్ళు పారబోసేటప్పుడు చిన్నమ్మ ముఖంలో ఏడుపు ఉండేది కాదు, కోపమూ ఉండేది కాదు. ఒట్టి అలసట ఉండేది. పాతికేళ్ళు నిండని మనిషి, ముసలిదానిలా మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని లేచేది. ఊళ్ళో అందరికీ ఆ రెండో చెంబు సంగతి తెలుసు. బావి దగ్గర ఎవరైనా "మీ ఆయప్పకు నీళ్ళు నింపితివా?" అని నవ్వితే, చిన్నమ్మ తలెత్తకుండా తాడు లాగేది.

మామకు హంగేరాయన దొరికింది కడపలో. అక్కడ పంతుళ్ళ ట్రైనింగు చదివేటప్పుడు ఒక దొర ఇల్లు ఖాళీ చేసి పోతూ సామానంతా అమ్మేశాడట. అందులో అట్ట ఊడిన ఈ పుస్తకం ఉంది. సాయంత్రం పూట జొన్నరొట్టెలు కాల్చే పొయ్యి దగ్గర కూర్చుని మామ అందులోంచి ఒక్కో కథా చెప్పేవాడు. పొయ్యిలో కందికట్టె చిటపటలాడేది, పక్కన వేయించిన చెనిక్కాయలతో చిన్నమ్మ ఊరిబిండి పచ్చడి నూరేది. ఆ మాడు వాసన, ఆ కారం ఘాటు లేకుండా నాకు ఇప్పటికీ హంగేరీ గుర్తు రాదు. ముందుమాటలో ఆయన జీవితం ఉండేది. ఆయన పిండిమర నడిపే వాని కొడుకు. కనుచూపు మేర చెట్టు లేని బయలునేలలో పుట్టాడు. అక్కడ మన మాదిరే ఏతాలతో నీళ్ళు తోడతారు, ఎర్రమిరపకాయలు దండలు గుచ్చి చూరుకు వేలాడగట్టి ఎండబెడతారు. ఆ రెండు ముక్కలతో మా అవ్వకు ఆయన మీద గురి కుదిరింది.

"ఏతముండాదంటే వాళ్ళదీ మన మాదిరి మెట్టసీమే. ఎవరోళ్ళురా గిడ్డయ్యా వాళ్ళు?" అనడిగింది.

"హంగేరీవోళ్ళమ్మా."

"అది ఊరుగదరా. కులమేందని అడుగుతాండా."

మామ కాసేపు ఆలోచించి, "పిండిమరోళ్ళు" అన్నాడు. అవ్వ తృప్తిపడింది. ఆ రోజు నుంచి ఆయన మా ఇంట్లో హంగేరాయన అయిపోయాడు. దూరపు చుట్టం గురించి అడిగినట్టు, ఆయనకిప్పుడు ఎట్లుందని అడిగేది అవ్వ. ముందుమాటలో లేని సంగతులు మామ ఆదివారం ఇంగ్లీషు పేపర్లో చదివి చెప్పేవాడు. తల్లి లాయరు కమ్మంటే ఆయన పట్నం చేరి, కాఫీ హోటల్లో ఒక మూల బల్ల పట్టుకుని పొద్దస్తమానం నాటకాలు రాశాడు. పేరొచ్చింది, దేశదేశాల్లో ఆడాయి. అంతలో ఆయన మతం వాళ్ళను వెతికి వెతికి చంపే కాలం దాపురించింది. ఒక్క పెట్టె పట్టుకుని అమెరికా చేరుకున్నాడు. అక్కడ ఇల్లు కట్టుకోలేదు, హోటలు గదిలోనే కాలం గడిపాడు. సినిమావాళ్ళు ఆయన నాటకాలు కొనుక్కుని, ఏడిపించే ముగింపులన్నీ మార్చి, అందరూ నవ్వుతూ ఇళ్ళకు పోయేట్టు తీశారు. ఆయన తన సినిమాకు పోతే, ముగింపు వచ్చేలోపలే లేచి బయటికి వచ్చేసేవాడట. ఇవన్నీ విని అవ్వ, "హోటల్లోనా? సంగటి ఎవురు చేసిపెడ్తాండారో పాపం" అని నిట్టూర్చింది. చిన్నమ్మ మాత్రం నూరడం ఆపి, "ముందే తెలిసినప్పుడు పోయేదెందుకన్నా, చూసేదానికి?" అనడిగింది.

ఆ పుస్తకంలో ఒక్క నాటకాన్ని మాత్రం మామ మాకు చెప్పలేదు. దాని మొదటి పేజీలో తలుపు బొమ్మ ఉండేది. అది చెప్పమని నేను ఎంత పీడించినా, "అది బాగలేదులే పాపా" అని పేజీ తిప్పేసేవాడు. ఎందుకు చెప్పలేదో పెద్దదాన్నయి చదువుకున్నాక తెలిసింది. అది ఇల్లు వదిలిపోయిన మొగుని కథ, రోజూ పొద్దుగూకినాక అతని కోసం కిటికీలో దీపం పెట్టే భార్య కథ. ఎదురుగా చెల్లెలు రొట్టె తడుతుంటే దాన్ని చదవడానికి ఆయనకు నోరు రాలేదు.

ఆ ఎండాకాలంలోనే మామ కడపకు పోయి, ఆడవాళ్ళ ట్రైనింగు స్కూల్లో, ఎనిమిది దాకా చదివిన చిన్నమ్మకు సీటు సంపాదించుకుని వచ్చాడు. బళ్ళు తెరిచేలోపల పోయి చేరాలి. రెండేండ్లు అక్కడే హాస్టల్లో ఉంటే పంతులమ్మ అవుతుంది. అవ్వ ఒక్క మాటతో కొట్టిపారేసింది. "ఇది ఆడికి పోతే, ఆయప్ప వస్తే ఎవురుంటారు ఈడ? నీ పెండ్లాము కడపలో సదువుతాండాది పోయి చూసుకోపో అని చెప్పల్నా నేను?" క్లాసులో అంతమందిని గద్దించే మామ, తల్లి ముందు నోరు విప్పలేకపోయాడు. చిన్నమ్మను అడిగితే, "అమ్మ ఎట్ల చెప్తే అట్లన్నా" అని చేట తీసుకుని లేచిపోయింది. ఒక్కో రోజూ గడిచిపోతోంది. మామ స్కూలు సెలవుల్లో ఇంట్లోనే ఉండి, ఆ సంగతి ఎత్తాలని వంటింటి గడప దాకా వచ్చి, మంచినీళ్ళు తాగి పోయేవాడు. ఆ వారం ఆయన తాగినన్ని నీళ్ళు ఎప్పుడూ తాగి ఉండడు.

ఎండాకాలంలో సంత బయలులో ఖాదర్ సాబు టెంటు వేసి సినిమాలు ఆడించేవాడు. టెంటు చినుగుల గురించి ఎవరైనా ఎగతాళి చేస్తే, "కొత్త రాజధాని కర్నూల్లో సర్కారే గుడారాల్లో నడుస్తాండాది, నా బొమ్మ నడిస్తే తప్పా?" అనేవాడు. ఒకనాటి సాయంత్రం ఆయన పరుగున మా వాకిట్లోకి వచ్చి పడ్డాడు. గుంతకల్లు స్టేషన్లో రీళ్ళ పెట్టెలు తారుమారయ్యాయట. తెలుగు సినిమా రావలసిన చోట ఇంగ్లీషు సినిమా వచ్చింది.

"గిడ్డయ్య సారూ, నా ఇజ్జత్ మీ చేతిలో ఉండాది. టెంటు నిండా జనం కూసోనుండారు. మీరొచ్చి మైకులో కత చెప్పల్ల."

"నేను చూడని బొమ్మకు నేనేం చెప్పేది ఖాదరూ?"

"చూసినోడు యాడుండాడు సారూ ఈ ఊర్లో!" అంటూ పెట్టెలో దొరికిన పోస్టరు విప్పాడు. మామ దాన్ని చూసి అట్లాగే అరుగు మీద కూర్చుండిపోయాడు. అడుగున చిన్న అక్షరాల్లో హంగేరాయన పేరు ఉంది. పైన మూసిన తలుపు, దాని ముందు ఒక ఆడమనిషి. మామ ఆ తలుపు వంక చూశాడు, వంటింట్లో ఉన్న చిన్నమ్మ వంక చూశాడు, మళ్ళీ తలుపు వంక చూశాడు. తర్వాత, "ఈరమ్మా, హంగేరాయన మనూరికి వచ్చినాడంట, రామ్మా పోదాం" అన్నాడు. అవ్వ కూడా కొంగు సర్దుకుంది. అంత దూరం నుంచి వచ్చిన మనిషిని పలకరించకపోతే బాగుండదంది. చిన్నమ్మ మాత్రం రెండు చెంబులూ నింపి అరుగు మీద పెట్టాకే కదిలింది.

టెంటులో ఆడవాళ్ళకు మగవాళ్ళకు నడుమ పంచెలు కట్టి అడ్డం పెట్టేవాళ్ళు. నేను అవ్వకూ చిన్నమ్మకూ మధ్య ఇసుకలో కూర్చున్నాను. బొమ్మ శబ్దం తగ్గించి, మామ తెర పక్కన మైకు పట్టుకుని నిలబడి కథ చెప్పాడు. ఏతం కనపడగానే జనం ఈలలు వేశారు. మొగుడు ఇల్లు వదిలి పోయాడు. భార్య కిటికీలో దీపం పెట్టింది. మరునాడు పెట్టింది, ఆ మరునాడూ పెట్టింది. దీపం మూడోసారి కనపడేసరికి ఆడవాళ్ళ వైపు గుసగుసలు మొదలయ్యాయి. ఒక్కొక్క తలే మా వైపు తిరిగింది. అవ్వ కొంగు తలమీదికి లాక్కుంది. చిన్నమ్మ మెడ తిప్పలేదు, తెరవంకే చూస్తోంది.

ఖాదర్ సాబు దగ్గర ఉన్నది ఒకటే మిషను. రీలు అయిపోతే కొత్తది ఎక్కించేదాకా తెర మీద ఏమీ ఉండదు. చివరి రీలు ఎక్కిస్తున్నప్పుడు ఆ చీకట్లో మామ గొంతు వినిపించింది.

"ఇంగ వాడొస్తాడు. ఇన్నేండ్లకు వస్తాడు. ఆయమ్మ తలుపు తీస్తాది, నీళ్ళిస్తాది, కూసోబెట్టి బువ్వ పెడ్తాది. ఇంటికొచ్చినోనికి పెట్టాల గదా, పెడ్తాది. పెట్టి, 'నేను శానా అలిసిపోయినా, ఇంగ నువ్వు పోయిరా' అంటాది. తలుపు మూసి దీపం ఆర్పేస్తాది." అక్కడ కాస్త ఆగాడు. "ఆయమ్మది ఏం తప్పు లేదు. ఇన్నేండ్లు ఆయమ్మ చేసింది శానా, ఇంగ చాలు."

మిషను తిరిగింది. మొగుడు వచ్చాడు. భార్య తలుపు తీసింది. నీళ్ళూ ఇయ్యలేదు, బువ్వా పెట్టలేదు. ఒక్కసారిగా వానిని కౌగిలించుకుంది. మగవాళ్ళ వైపు నుంచి ఎవరో అరిచారు.

"ఏమప్పా సారూ! పొమ్మంటాదంటివి, ఆయమ్మ చూస్తే గట్టిగా పట్టుకోనుండాది!"

టెంటంతా గొల్లుమంది. నాకు మామ మీద జాలేసింది. అప్పుడు మామ ఏమాత్రం తడబడకుండా అన్నాడు. "అది వాళ్ళ దేశాచారమప్పా. సాగనంపేటప్పుడు అట్లే పట్టుకుంటారు. గుంతకల్లు రైలు కాడ దొరలూ దొరసాన్లూ పట్టుకునేది మీరు చూడలేదా యాంది?"

గుంతకల్లు మాట వచ్చేసరికి నవ్వు ఆగింది. "అవునప్పా, నిజమే, నేను చూసినా. అట్ల పట్టుకున్యాకనే రైలు కదులుతాది" అన్నాడొక పెద్దాయన. ఇంకిద్దరు ముగ్గురు తామూ చూశామన్నారు. దాంతో పొమ్మనడం ఖాయమైపోయింది. తెర మీద తలుపు మూసుకుంది. "అదో, మూసింది" అన్నాడు మామ. దీపం ఆరింది. "అదో, ఆర్పింది." ఆడవాళ్ళలో ఎవరో ముక్కు చీదారు. ఆ తర్వాత చాలా ఏండ్లు పత్తికొండలో ఎవరైనా అల్లుణ్ణి మరీ ముద్దుచేసి పంపిస్తుంటే, హంగేరీ సాగనంపుడు అని వేళాకోళం చేసేవాళ్ళు.

ఇంటికి వచ్చాం. అరుగు మీద రెండు చెంబులూ ఉన్నాయి. మామ తన చెంబుతో కాళ్ళు కడుక్కుని లోపలికి పోయాడు. చిన్నమ్మ కంచు చెంబు ముందు కాసేపు నిలబడింది. వంగి దాన్ని తీసుకుని, టెంటులో అంటిన ఇసుక పోయేదాకా తన కాళ్ళు తాను కడుక్కుంది. చెంబు బోర్లించి పెట్టి లోపలికి పోయింది. అవ్వ చూసింది. గడప మీద కూలబడింది. మరునాటి నుంచి అరుగు మీద ఒక్క చెంబే ఉంది. బళ్ళు తెరవడానికి ముందే చిన్నమ్మ మామ వెంట కడప బస్సెక్కింది. అవ్వ ఆమెకు రొట్టెలు, ఊరిబిండి మూటగట్టి ఇచ్చింది గానీ వాకిలి దాటి రాలేదు.

మద్దిలేటి వచ్చాడు. చిన్నమ్మ దసరా సెలవులకు ఇంటికొచ్చిందని ఎవరి ద్వారానో విని, కొత్త పంచె కట్టుకుని వచ్చాడు. చిన్నమ్మే కంచు చెంబుతో నీళ్ళు పెట్టింది. చాప వేసింది. రొట్టె పెట్టి, అడక్కుండానే ఇంకో రొట్టె వేసింది. చెయ్యి కడుక్కున్నాక, "నేను శానా అలిసిపోయినా. పొద్దుగూకకముందే బస్సుండాది, పోయిరా" అంది. అతను మామ వంక చూశాడు. మామ పేపరు ముఖానికి అడ్డంగా పెట్టుకుని చదువుతున్నాడు. అవ్వ వంక చూశాడు. అవ్వ, ఏండ్ల తరబడి ఆ అల్లుడు వస్తే ఏం వండాలో చెప్పుకున్న మా అవ్వ, పొయ్యి ఊదుతూ తల తిప్పలేదు. అతను వీధి మలుపు తిరిగేదాకా చిన్నమ్మ వాకిట్లోనే నిలబడింది.

తర్వాత కొన్నాళ్ళకు హంగేరాయన పోయినట్టు పేపర్లో పడింది. ఆ హోటలు గదిలోనే పోయాడట. అవ్వ మామ చేత తలస్నానం చేయించింది, మనింటోడే గదా అని. మామ తడి తల తుడుచుకుంటూ నాతో ఒక మాటన్నాడు. ప్రపంచంలో అన్నిచోట్లా ఆయన కథను మార్చి ఆడించారు, ఆయన రాసిన ముగింపుతో ఆ బొమ్మ ఆడింది పత్తికొండ టెంటులోనే, అది ఆయనకు తెలియకుండానే పోయాడు అన్నాడు. అప్పుడు నాకు అది సగమే అర్థమైంది. పెద్దయ్యాక పుస్తకం చదివితే మామ చెప్పిన ముగింపే అచ్చంగా ఉంది, ఆ నీళ్ళు, ఆ బువ్వ, ఆ అలసటతో సహా. దాంతో బొమ్మలో ఏముందో తిరిగి ఆలోచించనే లేదు. దొరల ఆచారం సంగతి నవ్వుకునే జ్ఞాపకంగా మిగిలిపోయింది.

మొన్న ల్యాప్‌టాప్‌లో బొమ్మ కింద మాటలు కూడా పడ్డాయి. తలుపు దగ్గర ఆమె, ఇంక ఎక్కడికీ పోవద్దని అంటోంది. అతను లోపలే ఉండగా తలుపు మూసుకుంది. ఇద్దరూ లోపల ఉండగానే దీపం ఆరింది. మనవరాలు "హ్యాపీ ఎండింగ్ అవ్వా" అని ల్యాప్‌టాప్ మూసేసి వెళ్ళిపోయింది. ఆ ఒక్క సాయంత్రం నమ్మి చిన్నమ్మ ఇల్లు వదిలింది. రాజంపేట, రాయచోటి, ఎక్కడికి బదిలీ చేస్తే అక్కడికి పోయి, ఒంటిగదుల్లో వండుకుని, హెడ్మిస్ట్రెస్‌గా రిటైరై, కడపలో చిన్న ఇల్లు కట్టుకుని ఒంటరిగా ముసలిదైంది. తెర మీద ఉన్నది మామ ఉన్నదున్నట్టు చెప్పి ఉంటే ఆమె ఇంకోలా బతికేదేమో. చెప్పాలా, కప్పిపెట్టాలా? ఈ వయసులో రహస్యాలు మొయ్యడానికి కూడా ఓపిక ఉండదు. కడప బస్సెక్కాను.

చిన్నమ్మకు తొంభై దాటాయి. కాళ్ళకు నీరు పట్టింది, కండ్లు మాత్రం బాగున్నాయి. మంచం పక్కన కూర్చుని సెల్లులో మనవరాలు ఎక్కించి ఇచ్చిన ఆ బొమ్మ పెట్టాను. టెంటు నిండా జనంతో చూసినదాన్ని ఇద్దరం అరచేతిలో పెట్టుకుని చూస్తుంటే ఏదో వెలితిగా అనిపించింది. అరిచేవాళ్ళు లేరు, అట్ల కాదప్పా అని అడ్డం తగిలేవాళ్ళు లేరు. తెర ఏం చెబితే అదే. ఏతాన్ని చూసి చిన్నమ్మ నవ్వింది. మొగుడు వచ్చి తలుపు తట్టగానే, "ఆపెయ్యే ఇంగ" అంది.

"చివర చూడవా చిన్నమ్మా? మామ చెప్పింది ఒకటి, ఆడ ఉండేది..."

"ఆ పొద్దే చూసినా గదే. నాకు కండ్లు లేవా? ఆయమ్మ పట్టుకున్యాది పంపించేదానికి కాదని నాకు తెలీదా?"

నేను బొమ్మ ఆపేశాను.

"మీ మామ ఇంట్లో నాతో అనల్లని గడప కాడికొచ్చి నీళ్ళు తాగి పోతాండె. అమ్మ ముందర నోరు రాకపాయె. కడాకు ఊరందరి ముందర మైకులో అనె. 'ఆయమ్మది ఏం తప్పు లేదు, ఇంగ చాలు' అనె చూడు, అది నాకే అన్నాడని తెలీదా? ఆ తర్వాత బొమ్మలో ఎవురు ఎవుర్ని పట్టుకుంటే నాకేమి?" చిన్నమ్మ సెల్లు నా చేతిలో పెట్టేసి దిండుకు ఒరిగింది. "అందరూ నేను వానికోసరం కూసోనుండానని అనుకునిరి. నేను అన్నేండ్లు కూసోనుండింది ఆ మాట కోసరమే. ఎవురన్నా అంటారేమోనని."

కిటికీలోంచి ఎండ ఆమె కాళ్ళ మీద పడుతోంది.

"కాళ్ళు శానా లాగుతాండాయి పాపా" అంది. "ఆ కంచు చెంబు వంటింట్లోనే ఉండాది. ఇన్ని ఉడుకునీళ్ళు తెచ్చి కాళ్ళ మీద పొయ్యే."

తెచ్చి పోశాను.